పద్మావతమ్మ గారి చేతులు

వంటకి దిగేముందు ఎవరైనా చేతులు కడుక్కుంటారు. భానుశ్రీ గాజులు తీస్తుంది. చేతికి అరడజను చొప్పున ఉన్న మట్టిగాజుల్ని ఒక్కొక్కటే జార్చి, కిటికీ అరుగు మీద పెట్టి, అత్తగారి బంగారు గాజులు రెండేసి వేసుకుంటుంది. అవి ఆమెకి కాస్త బిగుతు. ఆ పని అయ్యాక ఆమె భర్త హర్షవర్ధన్ వచ్చి ఫ్యాను కట్టేస్తాడు. ఫ్యాను తిరుగుతుంటే మైకులో హోరు పడుతుందిట. మే నెల, బెజవాడ, పటమటలో మూడో అంతస్తు, నెత్తిన రెండు లైట్లు, ముందు స్టవ్వు, కడుపులో ఏడో నెల బిడ్డ. ఫ్యాను లేదు. ఇక చెప్పేదేముంది, మనిషి నిలబడ్డచోటే ఉడికిపోతుంది.

ఈ అవస్థంతా యూట్యూబు కోసం. ‘పద్మావతమ్మ గారి వంటిల్లు’ అని ఛానెల్. పద్మావతమ్మ హర్షవర్ధన్ తల్లి. ముగ్గుబుట్ట తల, చల్లటి మొహం. ‘రండమ్మా, కూర్చోండి, ఏం వండుకుందాం ఇవాళ’ అని ఆవిడ పలకరిస్తే చూసేవాళ్లకి సొంత పిన్ని ఇంటికి వెళ్లినట్టుంటుంది. అంతవరకూ నిజమే. ఆ తరవాత తెర మీద కూరలు తరిగే చేతులు, పోపు పెట్టే చేతులు, పిండి కలిపే చేతులు మాత్రం ఆవిడవి కావు. ఆవిడ చేతులు రెండేళ్లుగా వణుకుతున్నాయి. గరిటె పట్టుకుంటే సగం పొయ్యి మీదే ఒలుకుతుంది. అందుకని హర్షవర్ధన్ ముందు తల్లి మొహం తీస్తాడు, తరవాత భార్య చేతులు తీస్తాడు, రెండూ అతికిస్తాడు. చూసేవాళ్లకి ఒక్క మనిషే. పద్మావతమ్మకి భర్త పోయి చాలా ఏళ్లయింది. ఆవిడ చేతికి మట్టిగాజులుండవు. కాబట్టి ఆవిడ చేతులుగా చలామణీ కావలసిన భానుశ్రీ చేతులకీ ఉండకూడదు. అదీ సంగతి.

ఇందులో మోసమేముంది, సినిమాల్లో చెయ్యట్లేదా అంటాడు హర్షవర్ధన్. ఉన్న ఉద్యోగం వదులుకుని ఈ ఛానెల్నే నమ్ముకున్న మనిషి, ఇంకేమంటాడు? కానీ చూసేవాళ్లు సామాన్యులు కారు. ఒకసారి కాకరకాయలు తరుగుతూ భానుశ్రీ వేలు కోసుకుని బాండెయిడ్ వేసుకుంటే, అమ్మా మీ వేలికేమైందని వందమంది అడిగారు. దాంతో ఆ వారమంతా పద్మావతమ్మ కూడా నిక్షేపంలా ఉన్న వేలికి బాండెయిడ్ చుట్టుకుని తిరిగింది. చుట్టాల పెళ్లికి కూడా అలాగే వెళ్లింది. దెబ్బ తగలని వేలుని పెళ్లిలో అందరూ పరామర్శించారు. దెబ్బ తగిలిన వేలు ఇంట్లో అంట్లు తోముకుంది. ఆ రోజు ముగ్గురూ కడుపుబ్బ నవ్వుకున్నారు. ఎందుకోగానీ భానుశ్రీకి రాత్రి పడుకున్నాక నవ్వు రాలేదు.

ఇప్పుడు గన్నవరం అవతల కొత్తగా పెట్టిన డెయిరీ వాళ్లు తమ చీజ్‌తో ఒక వంట చేసి చూపించమన్నారు. వాళ్ల తరఫున డయానా అనే అమ్మాయి ఫోన్లో మాట్లాడుతుంది. క్రీమీ ఆనియన్ చీజ్ సూప్ అయితే బావుంటుంది సార్, అమ్మగారు ఇంట్లో ఎవరైనా చేసుకునేట్టు చూపించాలి, అమ్మగారి చేతులు బాగా దగ్గరగా పడాలి, చేతుల్లోనే కదా సార్ ఆ ఆప్యాయత అంది. హర్షవర్ధన్ స్పీకర్లో పెట్టి విన్నాడు. అమ్మగారి చేతులు అప్పుడు సింకు దగ్గర పాలగిన్నె రుద్దుతున్నాయి.

ముందుగా ఒకసారి చేసి చూసుకోవాలి కదా. గురువారం పొద్దున మొదలుపెట్టారు. ఉల్లిపాయలు నిలువుగా, సన్నగా, కాగితాల్లా తరిగింది. వెన్న వేసింది. వెన్న కాగి నురగ అణగగానే ఏం జరిగిందంటే, చెయ్యి తనంతట తనే పోపులడబ్బాలోకి వెళ్లిపోయి చిటికెడు ఆవాలు పట్టుకొచ్చి పడేసింది. ఆవాలు చిటపటమన్నాక గానీ భానుశ్రీకి తను చేసిందేమిటో తెలీలేదు. హర్షవర్ధన్ నెత్తి కొట్టుకున్నాడు. సోఫాలోంచి పద్మావతమ్మ, వేసిందేదో వేసింది, రెండు కరివేపాకు రెబ్బలు కూడా పడెయ్యమను, పాలల్లో ఉల్లిపాయలేమిటి, దానికి ఉప్పేమిటి, వింటుంటేనే ఒళ్లు జలదరిస్తోంది, పోపు ఉంటే అదన్నా తిండిలా ఉంటుంది అంది.

మళ్లీ మొదటికొచ్చారు. సన్నసెగ మీద ఉల్లిపాయలు మెత్తబడాలి, ఎర్రబడకూడదు. ఎర్రగా వేగితే అవి బిర్యానీ మీద చల్లుకోడానికి. సూపులోకి అవి ముందు తెల్లదనం పోయి, అద్దంలా అయి, నెమ్మదిగా తేనెరంగుకి తిరగాలి. దానికి ఓపిక కావాలి. హర్షవర్ధన్‌కి లేనిదే అది. సెగ పెంచు, సెగ పెంచు అని వెనకాల నించుని ఒకటే నస. కడుపులో బిడ్డ అటునుంచి తన్నుతోంది. ఇద్దరూ ఇద్దరే అనుకుంది భానుశ్రీ. మైదా చల్లి, పచ్చివాసన పోయేదాకా కలిపి, ఉయ్యూరునించి వాళ్లమ్మ పంపించిన గేదెపాలు గోరువెచ్చగా ఉన్నవి కొంచెం కొంచెం పోస్తూ తిప్పింది. చిక్కబడింది. తళతళలాడింది. తీరా ఉడుకుతుండగానే చీజ్ తురుము వేసేసరికి అది ఉండ కట్టి, రబ్బరులా గరిటెని పట్టుకుని వేలాడింది. మూడోసారికి స్టవ్వు ఆర్పి, పొంగు దిగాక తురుము వేసి తిప్పితే కరిగి కలిసిపోయింది. కాసిని మిరియాలు. అంతే. భానుశ్రీ చెంచాతో రుచి చూసింది. నిజంగా బావుంది. కమ్మగా, ఉల్లిపాయ తీపి నాలిక్కి తగులుతూ. తనే ఆశ్చర్యపోయింది.

అత్తయ్యా, కొంచెం చూడండి అని గిన్నె పట్టుకెళ్లింది. పద్మావతమ్మ వద్దంది. ఆవిడ తెర మీద కూడా ఏమీ తినదు. మోచెయ్యి బల్లకి ఆనించి, ఖాళీ చెంచా మూతిదాకా తీసుకెళ్లేసరికి హర్షవర్ధన్ అక్కడికి కత్తిరిస్తాడు. ఆ తరవాత ఆవిడ ‘అబ్బ, ఏం రుచమ్మా’ అంటుంది.

మంగళవారం షూటింగు అనుకున్నారు. బుధవారం పొద్దున్నే డెయిరీ వాళ్ల ఫంక్షను, అక్కడ పెద్ద తెర మీద ఈ వీడియో వెయ్యాలి. మధ్యలో ఆదివారం ఉయ్యూరులో భానుశ్రీకి సీమంతం.

*

సీమంతానికి రామతులసి చేసిన హడావిడి ఇంతా అంతా కాదు. రామతులసి భానుశ్రీ తల్లి. కిందటేడు కూతురికి మూడో నెలలోనే కడుపు నిలవలేదు. అప్పుడు మంచానికి అటొకరు ఇటొకరు కూచుని తల్లీ కూతుళ్లు ఏడ్చారు. హర్షవర్ధన్ బయట మెట్ల మీద కూచుని ఏడ్చాడు. అందుకే ఈసారి రామతులసి ఏ ఒక్కటీ తక్కువ కానివ్వలేదు. వాకిట్లో షామియానా, పసుపు కుంకాలు, పళ్లెంలో ఆకుపచ్చవి ఎర్రవి మట్టిగాజులు డజన్లకి డజన్లు.

పద్మావతమ్మ కారు దిగ్గానే ఆడవాళ్లంతా చుట్టూ మూగారు. యూట్యూబు అత్తయ్యగారొచ్చారు, యూట్యూబు పిన్నిగారొచ్చారు అని సెల్ఫీలు. ఒకావిడ ఆవిడ చెయ్యి పట్టుకుని, ఈ చేతుల్తోనే కదండీ ఆ పులిహోర కలిపారు, నేను అచ్చు అలాగే కలిపాను అంది. పద్మావతమ్మ చెయ్యి మెల్లిగా వెనక్కి తీసుకుని పమిట చాటున పెట్టుకుంది. భానుశ్రీ పీటల మీంచి అంతా చూస్తూనే ఉంది.

ముహూర్తం దగ్గర పడింది. ముత్తైదువలంతా రండమ్మా అని ఎవరో కేకేశారు. సెల్ఫీలు దిగిన వాళ్లందరూ బిలబిలమంటూ పీటల దగ్గరికి వచ్చేశారు. రామతులసి చాలా మర్యాదగా, "వదినగారూ, ఎండలో వచ్చి అలిసిపోయారు, లోపల గదిలో ఫ్యాను కింద కూచోండి, అక్కడ చల్లగా ఉంటుంది," అంది. మంచి మాటే. దానికి వేరే అర్థం ఉందని అక్కడున్న ప్రతి ఆడమనిషికీ తెలుసు, చెప్పిన రామతులసికీ తెలుసు, విన్న పద్మావతమ్మకీ తెలుసు. ఆవిడ లేచి వెళ్లింది. తలుపు తీసే ఉంది. మంచం అంచున, బ్యాగు ఒళ్లో పెట్టుకుని, బస్సు కోసం ఎదురుచూసే మనిషిలా కూచుంది.

ఒకరి తరవాత ఒకరు వచ్చి గంధం రాసి, గాజులు తొడుగుతున్నారు. భానుశ్రీకి ఎంత సంతోషంగా ఉందో అంత ఇబ్బందిగానూ ఉంది. అత్తయ్యా, మీరూ రండి అని ఒక్క మాట పిలిస్తే సరిపోయేది. నోటిదాకా వచ్చింది. ఇంతమందిలో అమ్మ మాట కాదన్నట్టవుతుంది, పైగా కిందటేడు అయిందానికి అసలే అందరూ భయపడుతూ ఉన్నారు, రేపేదన్నా అయితే నా వల్లే అంటారు అనుకుంది. పిలవలేదు. తన పిరికితనానికి తనకే ఒళ్లు మండింది. ఆ మంట ఎటు పోవాలో తెలీక, అసలావిడే లేచి రావచ్చుగా అని అత్తగారి మీదకి కూడా కాసేపు వెళ్లింది.

చివర్లో రామతులసి కూతురి చేతులు రెండూ పట్టుకుని చెప్పింది. పురుడొచ్చేదాకా ఈ గాజులు ఒక్కటి కూడా తియ్యకూడదు. స్నానానికీ తియ్యకూడదు, పడుకున్నా తియ్యకూడదు. నీ ఇంగ్లీషు చదువు సంగతి నాకనవసరం, నామాట వినంది. భానుశ్రీ వింటానంది. మాటవరసకి కాదు, మనస్ఫూర్తిగానే అంది.

తిరుగుప్రయాణంలో కంకిపాడు దాటేదాకా హర్షవర్ధన్ బాగానే కబుర్లు చెప్పాడు. పటమట దగ్గర సిగ్నల్ పడ్డప్పుడు పక్కకి తిరిగి భార్య చేతులు చూశాడు. మణికట్టు నించి మోచేతి సగందాకా గాజులే. ఎర్ర లైటు పోయి పచ్చలైటు పడింది, వెనకాల వాళ్లు హారన్లు కొడుతున్నారు, అతను ఇంకా చూస్తూనే ఉన్నాడు.

"మంగళవారం షూటింగుంది," అన్నాడు. వెనకసీట్లో పద్మావతమ్మ కిటికీలోంచి బయటికి చూస్తోంది.

*

సోమవారమంతా అదే గొడవ. గొడవంటే అరుపులు కేకలు కావు, ఆ ఇంట్లో అలాంటివి లేవు. పొద్దున కాఫీ దగ్గర ఒక మాట, టిఫిన్ల దగ్గర ఒక మాట. ఒక్క గంటే కదా అన్నాడు హర్షవర్ధన్. అమ్మ తియ్యొద్దంది అంది భానుశ్రీ. దేవుడి దగ్గర పెట్టి తీద్దాం, మళ్లీ అక్కడే వేసుకుందువు గాని అన్నాడు. మీ చేతులకే బంగారు గాజులు వేసుకోండి అందామనుకుంది భానుశ్రీ. అనలేదు. పోనీ ఈసారికి కోడలు చేస్తోందని చెప్పి నా చేతులే చూపించండి అని మాత్రం అనేసింది. ఇన్నాళ్లూ లోపల కుక్కిపెట్టుకున్న మాట అది.

హర్షవర్ధన్‌కి కోపం రాలేదు. కంగారు పడ్డాడు. అలా చూపిస్తే మరి ఇన్నాళ్లూ ఎవరివి అని అడగరా అన్నాడు. జనం అమ్మ చేతుల్ని నమ్ముకున్నారు భానూ, రేపు డెయిరీ వాళ్లు కూడా తప్పుకుంటారు, పుట్టబోయే బిడ్డకోసమే కదా ఇదంతా అన్నాడు. మనిషి చెడ్డవాడు కాడు. చెడ్డవాడైతే భానుశ్రీకి సుఖంగా ఉండేది, తిట్టుకునేది. సాయంత్రానికి, సరే, నీ ఇష్టం అన్నాడు. నీ ఇష్టం అనే మాటని ఎన్ని రకాలుగా అనొచ్చో మొగుళ్లకి తెలిసినట్టు ఎవరికీ తెలీదు. ఆ తరవాత అన్నం దగ్గర మాట్లాడలేదు, కూర మారు వడ్డించుకోలేదు.

ఇంత జరుగుతున్నా పద్మావతమ్మ నోరు మెదపలేదు. టీవీ ముందు కూచుని, సౌండు తగ్గించి, అన్నీ వింటోంది. అదే భానుశ్రీకి మరీ కష్టంగా అనిపించింది. ఇంట్లో పెద్దావిడ, ఒక్క మాట అడ్డం వెయ్యొచ్చు. వద్దురా అబ్బాయ్ అంటే కొడుకు కాదంటాడా? నిన్న పాపం అనుకున్నాను గానీ, ఈవిడకీ ఆ పలకరింపులూ, ఆ సెల్ఫీలూ కావాలి, అందుకే మాట్లాడదు అనుకుంది. అనుకున్నందుకు సిగ్గేసినా ఆ మాట మనసులోంచి పోలేదు. ఆ రాత్రి ఎటు తిరిగి పడుకున్నా గాజులు గుచ్చుకుంటూనే ఉన్నాయి.

మంగళవారం పొద్దున్నే పద్మావతమ్మ ఇస్త్రీచీర కట్టుకుని, చేతిసంచీ పట్టుకుని, రైతుబజారుకి వెళ్లొస్తానంది. ఉల్లిపాయలున్నాయి కదమ్మా అన్నాడు హర్షవర్ధన్. ఉన్నాయి, అయినా వెళ్లొస్తాను అని లిఫ్టులో దిగిపోయింది. ఎప్పుడూ ఒంటరిగా గడప దాటని మనిషి. పటమట రైతుబజారు ఎంత దూరమని? అరగంటలో రావాలి. గంట దాటింది. ఫోను ఇంట్లోనే మోగింది, దిండు కింద. హర్షవర్ధన్ బాల్కనీలోకీ వంటింట్లోకీ తిరుగుతున్నాడు. ఈలోపు డయానా రెండుసార్లు ఫోను చేసింది. వస్తోంది మేడమ్, వచ్చేస్తుంది, ఈపాటికి సగం అయిపోయింది అని అతను అబద్ధాల మీద అబద్ధాలు చెబుతున్నాడు. అతని మొహంలో నెత్తురు చుక్క లేదు.

భానుశ్రీ ఉల్లిపాయలు తరిగి పెట్టింది. చీజ్ తురిమి పెట్టింది. పాలు కాచింది. చెయ్యడానికి ఇంకేమీ లేక సింకు దగ్గర నిలబడింది. కిందటేడు మెట్ల మీద కూచుని ఏడ్చిన మనిషీ ఈయనే కదా అనుకుంది. గాజుల్లో ఏముంది, ఒక్క గంట, దేవుడికి మాత్రం తెలీదా అనుకుంది. అంట్లసబ్బు చేతికి రాసుకుంది. నురగ వచ్చేదాకా మణికట్టంతా రుద్దింది. చేతులు నీరు పట్టి ఉన్నాయేమో, మొదటి గాజు బొటనవేలి ఎముక దగ్గరికొచ్చి ఆగిపోయింది. లాగింది. చర్మం కమిలింది గానీ గాజు కదల్లేదు. వేళ్లన్నీ దగ్గరికి ముడిచి మళ్లీ లాగింది. కళ్లల్లో నీళ్లు తిరిగాయి, ఉల్లిపాయలవి కావు. హర్షవర్ధన్ గుమ్మంలో నిలబడి చూస్తున్నాడు. వద్దనడానికి నోరు తెరిచి, మళ్లీ మూసుకున్నాడు. భానుశ్రీ అది చూసింది. తను ఈ జన్మలో మర్చిపోలేనిదేదైనా ఉంటే అదే.

అప్పుడు వెనకనించి గాజుల చప్పుడైంది. తన చేతులు కదలడం లేదు. గలగలమంటూ ఆగకుండా వస్తోంది ఆ చప్పుడు.

పద్మావతమ్మ. చేతిసంచీ కింద పెట్టి సింకు దగ్గరికి వచ్చింది. చేతుల నిండా ఎరుపూ ఆకుపచ్చా మట్టిగాజులు. ముంజేతులు వణుకుతుంటే గాజులు ఒకదానికొకటి తగిలి మోగుతున్నాయి. ఆవిడ ఎవర్నీ చూడకుండా పంపు తిప్పి, కోడలి చెయ్యి నీళ్ల కింద పెట్టి, సబ్బు పోయేదాకా కడిగింది. ఎముక దగ్గర ఇరుక్కున్న గాజుని మెల్లిగా వెనక్కి తోసింది.

"అమ్మా, ఇదేంటమ్మా," అన్నాడు హర్షవర్ధన్. "ఎవరైనా చూస్తే ఏమంటారు?"

"నీ లెక్కకి మొహమూ చేతులూ ఒక మనిషివే అనిపించాలిగా," అంది పద్మావతమ్మ చేతులు తుడుచుకుంటూ. "దాని చేతికి గాజులు తియ్యకూడదు. నా చేతికి వేసుకోకూడదని ఎక్కడుంది? ఉంటే అది చెప్పేవాళ్లు నన్నడగనీ. ఆనాడు పదోరోజున తీయించినప్పుడు మాత్రం నన్నెవరడిగారు?"

ఆ తరవాత మామూలుగా చెప్పుకొచ్చింది. ఆటో చేసుకుని వన్‌టౌన్ వెళ్లిందిట. గాజులషాపులో ముసలాయన ఎవరికమ్మా అని కూడా అడగలేదుట, చెయ్యి పట్టుకుని సైజు చూసి తొడిగేశాడుట. వణికే చెయ్యికి తొడగడం కష్టమమ్మా, కాస్త ఊపిరి బిగపట్టండి అన్నాడుట. అది చెబుతూ కొంచెం నవ్వింది. తొందరగా కానివ్వండి, నాకు ఆకలేస్తోంది అంది.

*

షూటింగు మొదలైంది. కోడలి చేతులు వెన్న వేశాయి, ఉల్లిపాయలు వేశాయి. లైట్ల కింద ఎరుపూ ఆకుపచ్చా గాజులు మెరిశాయి. సెగ పెంచమని ఎవరూ అనలేదు. ఉల్లిపాయలు తమకి కావలసినంత సేపూ తీసుకుని తేనెరంగుకి వచ్చాయి. మైదా, పాలు, తిప్పడం. స్టవ్వు ఆర్పి, పొంగు దిగేదాకా ఆగడం. చీజ్. భానుశ్రీకి నడుం పట్టేస్తోంది, చెమట వీపు మీంచి కారుతోంది, అయినా చాలా రోజుల తరవాత తన చేతుల్ని తనే చూసుకుంటూ వండింది.

తరవాత పద్మావతమ్మ మొహం తియ్యాలి. ఆవిడ బల్ల ముందు కూచుంది. ‘రండమ్మా, కూర్చోండి’ అనడం అయింది. ఖాళీ చెంచా ఇచ్చాడు కొడుకు. ఆవిడ అది పక్కన పెట్టి, గిన్నెలో ఉన్న చెంచా తీసుకుని నిండా ముంచింది. చెయ్యి లేచింది. లేచీ లేవడంతోనే గాజుల చప్పుడు. బంగారుగాజులు రెండే ఉన్నప్పుడు ఆ వణుకుని మోచెయ్యి ఆనించి దాచొచ్చు. ఇన్ని గాజులతో దాగడం లేదు. ఫ్యాను లేని గదిలో అదొక్కటే వినిపిస్తోంది.

చెయ్యి దించమ్మా, మైకులో పడుతోంది అన్నాడు హర్షవర్ధన్. పద్మావతమ్మ దించలేదు. సగం సూపు చీర మీద ఒలికింది. మిగతా సగం నోట్లో పెట్టుకుంది. కాసేపు నోట్లోనే ఉంచుకుని మింగింది. పాలల్లో ఉప్పని జలదరించిన మనిషి మళ్లీ ముంచింది. రెండో చెంచా కూడా అయ్యాక కెమెరాలోకి చూసింది.

"బావుందమ్మా. ఉప్పు సరిపోయింది. ఈ వణికే చేతులు నావి. ఆ తరిగిన చేతులు, తిప్పిన చేతులు మా కోడలు భానుశ్రీవి. ఇవాళ్టివే కాదు, మీరు ఇన్నాళ్లూ చూసినవన్నీ దానివే. నేను కూచుని మాట్లాడాను, అంతే."

హర్షవర్ధన్ కెమెరా ఆపాడు. కుర్చీలో కూలబడ్డాడు. ఆ చివరి ముక్క కత్తిరిస్తానమ్మా, తప్పదు అన్నాడు. తల్లి అనవలసింది అనేసింది. జవాబు భానుశ్రీ దగ్గరినించి వచ్చింది. గొంతు పెంచలేదు.

"కత్తిరిస్తే ఇక నా చేతులు మీ కెమెరా ముందుకి రావండి," అంది. "అది నా ఇష్టం."

హర్షవర్ధన్ ఆమె మొహం కేసి చూశాడు. కమిలిన మణికట్టు కేసి చూశాడు. సబ్బు రాసుకుంటుంటే తను నోరు మూసుకుని నిలబడిన సంగతి అతనికీ గుర్తొచ్చినట్టుంది, తల దించుకున్నాడు. లాప్‌టాప్ తీసి అవతలి గదిలోకి వెళ్లాడు. కాసేపట్లో అక్కడినించి పద్మావతమ్మ గొంతు వినిపించింది. ‘ఈ వణికే చేతులు నావి’ అన్న ముక్క. మళ్లీ అదే ముక్క. తరవాత డయానాకి ఫోను చేశాడు. మేడమ్, వీడియో పంపిస్తున్నాను, చివర్లో ఒక మాటుంది, అది తియ్యడం కుదరదు, మీకు నచ్చకపోతే చెప్పండి అంటున్నాడు. అవతల ఏమన్నారో ఇక్కడికి వినిపించలేదు.

అత్తా కోడళ్లిద్దరూ బల్ల దగ్గర కూచుని మిగిలిన సూపు తిన్నారు. పద్మావతమ్మ చేతిసంచీ దగ్గరికి లాక్కుని, న్యూస్‌పేపరులో చుట్టిన పొట్లం ఒకటి తీసి కోడలి ముందు పెట్టింది. డజను గాజులు, చిలకాకుపచ్చవి. నీకూ కొన్నాను, మీ అమ్మ వచ్చినప్పుడు తొడిగించుకో అంది.

భానుశ్రీ పొట్లం విప్పింది. అత్తగారి ముందుకి చెయ్యి చాపింది.

పద్మావతమ్మకి అర్థం కావడానికి కొంతసేపు పట్టింది. అర్థమయ్యాక తల అడ్డంగా ఊపింది. తప్పమ్మా, నేను తొడగకూడదు, మీ అమ్మ బాధపడుతుంది, పైగా ఈ చేతులతో ఎలా అంది. ఆదివారం నాడు పిలవాల్సింది, పిలవలేకపోయాను, తప్పు నాదే అంది భానుశ్రీ. చెయ్యి మాత్రం వెనక్కి తియ్యలేదు. పద్మావతమ్మ కళ్లు ఒత్తుకుంది. ఒక గాజు తీసింది. కోడలి వేళ్లన్నీ దగ్గరికి కూడదీసి పట్టుకుంది. ఊపిరి బిగపట్టింది. ఎముక దగ్గరికొచ్చేసరికి చెయ్యి ఒక్కసారి గట్టిగా వణికింది, గాజు బల్ల అంచుకి తగిలి చిట్లింది.

పద్మావతమ్మ నిప్పు తగిలినట్టు చెయ్యి వెనక్కి లాక్కుంది. మొహం పాలిపోయింది. అందుకేనమ్మా వద్దన్నాను అంది.

భానుశ్రీకి కూడా గుండె ఝల్లుమంది. లేదంటే అబద్ధం. కిందటేడు గుర్తొచ్చింది, అమ్మ మొహం గుర్తొచ్చింది. ఆ తరవాత పెంకుల్ని జాగ్రత్తగా ఒక పక్కకి తోసి, కుర్చీ ఇంకొంచెం దగ్గరికి జరుపుకుని, చెయ్యి మళ్లీ చాపింది.

"ఇంకా పదకొండున్నాయి అత్తయ్యా. కానివ్వండి."